విదేశీ హస్తం అన్న మాట దగ్గర ఆగిపోయే ప్రశ్నలు

ప్రతి ఏటా మే 21వ తేదీ ఉదయం మా బంధువుల వాట్సాప్ గ్రూపులో మొదట వచ్చే సందేశం మా పెద్ద మావయ్యది. రాజీవ్ గాంధీ ఫొటో, దాని కింద నివాళిగా నాలుగు వాక్యాలు ఉంటాయి. ఈ ఏడాది ఆ నాలుగు వాక్యాల కింద ఎక్కడినుంచో వచ్చిన పెద్ద వ్యాసం కూడా చేరింది. శ్రీపెరంబుదూరులో బాంబు పేల్చినవాళ్ళు శ్రీలంకకు చెందిన సాయుధ బృందం తమిళ పులులే (ఎల్టీటీఈ) అయినా వాళ్ళు కూలివాళ్ళు మాత్రమేననీ, పని పురమాయించింది అమెరికా సీఐఏ, ఇజ్రాయెల్ మొసాద్ అనీ, ఈ సంగతి ఢిల్లీలో అందరికీ తెలిసినా ఎవరూ నోరు విప్పరనీ దాని సారాంశం. చివర మావయ్య తన మాటగా ఒక్క వాక్యం జోడించారు: "అమ్మాయ్, నువ్వు చరిత్ర పాఠం చెప్తావు కదా, ఇది అబద్ధమైతే చెప్పు." ఆయన వయసు డెబ్బై ఎనిమిది. నాకు చదువు మీద ఇష్టం కలగడానికి కారణమైన మనిషి. గ్రూపులో రెండు ముక్కల్లో కొట్టిపారేయడానికి మనసొప్పలేదు. అందుకే ఇక్కడ వివరంగా రాస్తున్నాను.

ఈ హత్య ఒడిశాలోని బరంపురంలో ఉండే మాకు దూరపు వార్త ఏమీ కాదు. 1991 మే 21న రాజీవ్ గాంధీ ఒడిశాలో ఎన్నికల ప్రచారం చేసి, అక్కడినుంచి విశాఖపట్నం వెళ్ళి, సాయంత్రం మద్రాసుకు బయలుదేరారు. ఆ రాత్రి 10 గంటల 20 నిమిషాల ప్రాంతంలో ప్రాణం పోయింది. నేనప్పుడు ఎనిమిదో తరగతి పూర్తిచేసి వేసవి సెలవుల్లో ఉన్నాను. మరునాటి పొద్దున్నే రేడియో చుట్టూ ఇంటిల్లిపాదీ నిలబడ్డాం. అమ్మ పొయ్యి వెలిగించలేదు. నిన్న మన రాష్ట్రంలో తిరిగిన మనిషి ఈ రోజు లేడన్న మాటను మా వీధిలో తెలుగువాళ్ళూ ఒడియావాళ్ళూ ఒకరికొకరు చెప్పుకుంటూనే ఉన్నారు. అంతకు ఏడేళ్ళ ముందు, 1984 అక్టోబరు 30న, ఇందిరా గాంధీ చివరి బహిరంగ సభ కూడా భువనేశ్వర్‌లోనే జరిగింది. తల్లీ కొడుకులిద్దరూ చివరి దినాలలో మన నేల తొక్కి వెళ్ళారని పెద్దవాళ్ళు తలచుకుని బాధపడ్డారు. "విదేశీ హస్తం" అన్న మాట నేను మొట్టమొదట విన్నది ఆ ఉదయమే, మా వీధి మలుపులో, పేపరు కోసం ఎదురుచూస్తున్న పెద్దమనుషుల నోట. అప్పటికి హంతకులెవరో పోలీసులకే తెలియదు. అయినా ఆ మాట అప్పటికే సిద్ధంగా ఉంది.

మావయ్యతో నేను ఏకీభవించే విషయంతోనే మొదలుపెడతాను. గూఢచార సంస్థలు పరాయి దేశాల నాయకులను చంపించవు అని అనగలిగే స్థితిలో ఎవరూ లేరు. 1975లో అమెరికా సెనేట్‌లో ఫ్రాంక్ చర్చ్ అధ్యక్షతన ఏర్పడిన కమిటీ సీఐఏ కాగితాలు తెప్పించుకుని చూసి, క్యూబా నాయకుడు ఫిడెల్ కాస్ట్రోను చంపడానికి 1960, 1965 మధ్య కనీసం ఎనిమిది పథకాలు నడిచాయని తేల్చింది. కాంగో తొలి ప్రధాని పాట్రిస్ లుముంబాపై ప్రయోగించడానికి విషం పంపిన సంగతిని కూడా అదే కమిటీ బయటపెట్టింది. ఆ విషం వాడే అవసరం రాలేదు. 1961 జనవరి 17న కటంగాలో, బెల్జియం అధికారులు చూస్తుండగా, లుముంబాను కాల్చి చంపారు. నలభై ఏళ్ళ తరువాత బెల్జియం పార్లమెంటు విచారణ జరిపి తమ దేశానికి నైతిక బాధ్యత ఉందని ఒప్పుకుంది. 2002లో ఆ ప్రభుత్వం క్షమాపణ చెప్పింది. ఆయన దేహంలో మిగిలిన ఒకే ఒక్క పన్నును 2022లో కుటుంబానికి అప్పగించారు. ఆ వార్త చదివిన రోజు నాకు అన్నం సహించలేదు. కాబట్టి ఇటువంటి అనుమానం పుట్టడమే మూర్ఖత్వమని నేను అనను. కానీ లుముంబా విషయంలో మనకు తెలిసినది కాగితాల వల్ల, సాక్ష్యాల వల్ల, పేర్లతో సహా జరిగిన విచారణ వల్ల తెలిసింది. ఒకచోట రుజువైన నేరం మరొకచోట జరిగిన నేరానికి సాక్ష్యం కాలేదు. మావయ్య పంపిన వ్యాసం మాత్రం కాంగోలో జరిగింది గనుక శ్రీపెరంబుదూరులోనూ జరిగే ఉంటుందని ఒక్క గెంతులో దాటేస్తుంది.

శ్రీపెరంబుదూరులో దొరికిన సాక్ష్యం ఏమిటో ఒకసారి నెమ్మదిగా చూడాలి. హరిబాబు అనే యువ ఫొటోగ్రాఫరును హంతకులు తమ వెంట తెచ్చుకున్నారు. పేలుడులో అతడు చనిపోయాడు గాని, అతడి మెడలోని కెమెరా, అందులోని ఫిల్ము పాడుకాలేదు. ఆ ఫొటోల్లో గంధపు చెక్క దండ పట్టుకుని నిలబడిన మానవ బాంబు ధను ఉంది, విలేకరిలా కుర్తా పైజమాలో ఉన్న ఆ బృందం నాయకుడు శివరాసన్ ఉన్నాడు. దండ తమిళనాడు ప్రభుత్వ హస్తకళల దుకాణం పూంపుహార్‌లో కొన్నట్టు రశీదు దొరికింది. అంతకు రెండు వారాల ముందు, మే 7న, మద్రాసులో జరిగిన వి.పి. సింగ్ సభలో అదే బృందం దండ వేసి సాధన చేసుకుంది. శ్రీలంకలోని జాఫ్నాకు కోడ్ భాషలో వెళ్ళిన వైర్‌లెస్ సందేశాలు తరువాత విప్పి చదివారు. డి.ఆర్. కార్తికేయన్ నాయకత్వంలోని ప్రత్యేక దర్యాప్తు బృందం ఈ దారాలన్నీ పట్టుకుని వెళ్ళింది. ఆగస్టులో బెంగళూరు శివారు కోననకుంటెలోని ఇంటిని చుట్టుముట్టేసరికి శివరాసన్, శుభ, వారితో ఉన్నవాళ్ళు ప్రాణాలు తీసుకున్నారు. ఇక కారణం వెతుక్కోవలసినంత మరుగున లేదు. 1987లో రాజీవ్ శ్రీలంకకు పంపిన భారత శాంతి సేన పులులతోనే యుద్ధం చేయవలసి వచ్చింది. మన సైనికులు వెయ్యిమందికి పైగా అక్కడ చనిపోయారు, జాఫ్నా ప్రజలూ ఎంతో నష్టపోయారు. రాజీవ్ మళ్ళీ ప్రధాని అయితే సైన్యం మళ్ళీ వస్తుందని పులులు భయపడ్డారు. 2002లో కిలినొచ్చి విలేకరుల సమావేశంలో పులుల నాయకుడు ప్రభాకరన్ దీనిని విషాద సంఘటన అని దాటవేశాడు. 2006లో వారి సిద్ధాంతకర్త ఆంటన్ బాలసింగం దీనిని చారిత్రక విషాదంగా పేర్కొని విచారం తెలిపాడు. ఇంకొకరెవరో చేయించారని ఆ సందర్భాల్లో ఆ ఇద్దరిలో ఎవరూ అనలేదు. నింద తమ మీదినుంచి దించుకోవడానికి అంతకన్నా మంచి అవకాశం వారికి ఉండదు.

ఇక్కడ మావయ్య తప్పకుండా జైన్ కమిషన్ పేరు ఎత్తుతారు. ఈ కేసులో రెండు కమిషన్లు ఉన్నాయని చాలామంది మరచిపోతారు. భద్రతా లోపాలను పరిశీలించింది జస్టిస్ జె.ఎస్. వర్మ, కుట్ర సంగతి చూసింది జస్టిస్ మిలాప్ చంద్ జైన్. జైన్ కమిషన్ తన తుది నివేదికలో, రాజకీయ నాయకులతో పరిచయాలున్న స్వామీజీ చంద్రస్వామి మీద, కొన్ని విదేశీ శక్తుల మీద అనుమానం వ్యక్తం చేసి, మరింత దర్యాప్తు జరగాలని చెప్పింది. రాజీవ్ ప్రాణానికి ముప్పు ఉందని పాలస్తీనా నాయకుడు యాసర్ అరాఫత్ హెచ్చరించారన్న విషయమూ ఆ విచారణలో వచ్చింది. ఇవన్నీ నిజమే. కానీ దర్యాప్తు చేయండి అని చెప్పడం వేరు, నేరం రుజువైంది అని చెప్పడం వేరు. ఆ దర్యాప్తు కోసమే 1998 డిసెంబరులో సీబీఐ కింద ప్రత్యేకంగా ఒక సంస్థను ఏర్పాటు చేశారు. అది ఇరవై ఏళ్ళకు పైగా నడిచింది, పలు దేశాలకు లేఖలు రాసింది, ఏ విదేశీ గూఢచార సంస్థ మీదా అభియోగపత్రం దాఖలు చేయలేదు. వ్యాసంలో కమిషన్ అనుమానం గురించి మూడు పేరాలున్నాయి, ఆ తరువాతి ఇరవై ఏళ్ళ గురించి ఒక్క అక్షరం లేదు. కమిషన్ మధ్యంతర నివేదిక 1997 నవంబరులో బయటికి పొక్కినప్పుడు ఏం జరిగిందో కూడా అందులో లేదు. పులులకు ఊతమిచ్చిందని ఆ నివేదిక తప్పుపట్టిన డీఎంకే మంత్రులను తొలగించాలని పట్టుబట్టి కాంగ్రెస్ మద్దతు ఉపసంహరించుకుంది, గుజ్రాల్ ప్రభుత్వం పడిపోయింది, దేశం మధ్యంతర ఎన్నికలకు వెళ్ళింది. రుజువు కాని ఒక అనుమానం ఒక ప్రభుత్వాన్నే కూల్చిందంటే, అటువంటి మాటలను ఎంత జాగ్రత్తగా పట్టుకోవాలో తెలుస్తుంది.

బరంపురంలో ఈ కథకు మరొక శాఖ మొలిచింది. దాని గురించి రాయడం నాకు కష్టంగానే ఉంది. 1996 ఎన్నికల్లో పి.వి. నరసింహారావు నంద్యాలతో పాటు మా బరంపురం నుంచి కూడా పోటీ చేసి, రెండుచోట్లా గెలిచి, బరంపురం స్థానాన్నే ఉంచుకున్నారు. ఒక తెలుగు ప్రధాని మా ఊరి నుంచి పోటీ చేయడం మా తెలుగు ఇళ్ళలో పండగలా జరిగింది. అదే రోజుల్లో, చంద్రస్వామికీ ఆయనకూ ఉన్న పరిచయాన్ని పట్టుకుని, రాజీవ్ పోవడం వల్ల లాభపడింది ఎవరో చూడండి అని గుసగుసలు మొదలయ్యాయి. ఎవరికి లాభమో వారే చేయించి ఉంటారన్న వాదం వినడానికి తర్కంలా ఉంటుంది. 1991 ఎన్నికల్లో పీవీ అసలు పోటీయే చేయలేదు, రాజకీయాల నుంచి తప్పుకునే ఆలోచనలో ఉన్నారు. ప్రధాని అయ్యాక నవంబరులో నంద్యాల ఉప ఎన్నికలో గెలిచి లోక్‌సభకు వచ్చారు. వాన పడితే లాభపడిన రైతు వానను కురిపించినట్టు కాదు. ఒక మరణం తరువాత ఎందరి జీవితాలో మలుపు తిరుగుతాయి. వారందరినీ అనుమానితుల వరుసలో నిలబెడితే నిజమైన నేరస్థుడికి ఆ వరుసలో చోటే మిగలదు.

విశాఖపట్నంలో విమానానికి సాంకేతిక లోపం వచ్చిన సంగతి కూడా వ్యాసంలో ఉంది. ఆ సాయంత్రం ప్రయాణం ఆగిపోతుందనుకున్నారు, తరువాత లోపం సరిచేయడంతో రాజీవ్ బయలుదేరారు. ఎవరో కావాలని చేసిన ఏర్పాటులా వ్యాసకర్త దీన్ని చూపిస్తాడు. నాకు మాత్రం దీనినుంచి సరిగ్గా వ్యతిరేకమైన సంగతి కనిపిస్తుంది. దండ పట్టుకున్న ఆ అమ్మాయి, ఆయన వస్తారో రారో తెలియకుండానే, గంటల తరబడి గుంపులో నిలబడి ఉంది. ఆమెను ఒక మహిళా పోలీసు అడ్డుకోబోయింది, రానివ్వమని రాజీవే అన్నారు. ఆ పోలీసు ఒక్క అడుగు ముందుకు వేసి ఉంటే, ఆ విమానం ఒక గంట ఎక్కువ ఆగి ఉంటే, మన దేశ చరిత్ర ఇంకోలా ఉండేది. ఇంత పెద్ద మనిషి ఇంత చిన్న కారణాలతో పోయాడని ఒప్పుకోవడం మనసుకు కష్టం. అందుకే వెనక ప్రపంచాన్ని ఆడించే శక్తి ఏదో ఉండి ఉంటుందనుకుంటే దుఃఖానికి ఒక ఆకారం వస్తుంది. మావయ్య ఆ సందేశం పంపడానికి కారణం ద్వేషం కాదనీ, ఈ దుఃఖమేననీ నాకు తెలుసు.

నాకు అభ్యంతరం మరొక చోట ఉంది. విదేశీ హస్తం అనగానే మనం మన ఇంటివైపు చూడడం మానేస్తాం. 1992లో వర్మ కమిషన్ చెప్పిన మాటలు ఎవరూ ఫార్వర్డ్ చేయరు. మాజీ ప్రధాని అయ్యాక రాజీవ్‌కు ప్రత్యేక రక్షణ దళాన్ని తీసివేసి, దానికి సమానమైన ఏర్పాటు చేయకపోవడం తప్పని ఆ కమిషన్ చెప్పింది. కేంద్రానిదీ, రాష్ట్ర పోలీసులదీ, సభ ఏర్పాటు చేసిన పార్టీ కార్యకర్తలదీ లోపం ఉందని చెప్పింది. 1991లో ఆ హత్య జరిగాకనే మాజీ ప్రధానులకూ ఆ దళం రక్షణ ఉండేలా చట్టం మార్చారు. అంతకన్నా చేదైన నిజం ఇంకొకటి ఉంది. 1983 తరువాత శ్రీలంక తమిళ సాయుధ బృందాలకు మన నేల మీద శిక్షణ ఇచ్చింది మన ప్రభుత్వ సంస్థలే, అందులో పులులూ ఉన్నారు. శ్రీలంకలో ఒక పల్లెటూరి మనిషి విదేశీ గూఢచార సంస్థ అని అంటే అతడి మనసులో మెదిలేది మన పేరే. ఎక్కడో వాషింగ్టన్‌లోనూ టెల్ అవీవ్‌లోనూ మొదలైన కుట్ర కోసం మనం వెతుకుతున్నామంటే, దారి మన గడప నుంచే మొదలైందన్న సంగతి చూడకుండా ఉండడానికే వెతుకుతున్నామని నాకనిపిస్తుంది.

అనుమానించవలసిన చోటు కూడా ఆ కేసులోనే ఉంది. 1998 జనవరిలో, ఉగ్రవాద నిరోధక చట్టం టాడా కింద ఏర్పడిన కోర్టు 26 మందికీ ఉరిశిక్ష వేసింది. 1999 మే నెలలో సుప్రీంకోర్టు ఆ కేసుకు టాడా వర్తించదని చెప్పి, 19 మందిని విడుదల చేసి, నలుగురికి ఉరి, ముగ్గురికి యావజ్జీవం ఖాయం చేసింది. ఆ నలుగురిలో ఒకడైన పేరరివాళన్ అరెస్టయ్యేనాటికి పందొమ్మిదేళ్ళవాడు, రెండు బ్యాటరీలు కొనిచ్చాడన్నది అతడి మీద ఆరోపణ. అవి దేనికో తనకు తెలియదని అతడు చెప్పిన మాటను వాంగ్మూలంలో తాను రాయలేదని, ఆ వాంగ్మూలం నమోదు చేసిన అధికారే 2013లో బహిరంగంగా చెప్పారు. అతడు జైలు నుంచి బయటికి వచ్చింది 2022లో. చీకట్లో దాగిన విదేశీ సంస్థల కోసం వెచ్చించే శ్రద్ధలో పదో వంతు, వెలుగులో ఉన్న ఈ కాగితం మీద పెట్టి ఉంటే ఎంత బాగుండేది.

ఇంకొక సంగతి మావయ్యకు ఆశ్చర్యం కలిగిస్తుందేమో. గూఢచార సంస్థల పాత్ర రుజువైన చోట్లలో కొన్ని పుకార్ల పుట్టుకకు సంబంధించినవి. 1983 జులైలో ఢిల్లీ నుంచి వెలువడే పేట్రియట్ పత్రికలో, ఎయిడ్స్ వ్యాధిని అమెరికా సైన్యం ప్రయోగశాలలో తయారుచేసిందని, పేరు చెప్పని అమెరికా శాస్త్రవేత్త రాసినట్టుగా ఒక లేఖ అచ్చయింది. అది సోవియట్ గూఢచార సంస్థ కేజీబీ నాటిన విత్తనమని తరువాత తేలింది. ఆ అబద్ధం ప్రపంచమంతా తిరిగింది. మరుసటి ఏడు ఇందిరా గాంధీ తన అంగరక్షకుల చేతుల్లోనే చనిపోయినప్పుడు, సోవియట్ పత్రికలు వేలు సీఐఏ వైపు చూపాయి, అమెరికా నిరసన తెలిపింది. అంటే మన చేతికి వచ్చే విదేశీ హస్తం కథనే ఒక విదేశీ హస్తం రాసి పంపి ఉండవచ్చు. అదే రోజుల్లో ఢిల్లీలో ఇంకొక పుకారు పుట్టింది. సిక్కులు నగరపు తాగునీటిలో విషం కలిపారని దాని సారం. నీటిలో విషం లేదు. ఆ మూడు నాలుగు రోజుల్లో ఢిల్లీలో హత్యకు గురైన సిక్కులు ప్రభుత్వ లెక్క ప్రకారమే 2,733 మంది.

పుకారు ఎప్పుడూ పెద్ద దేశాల మీద వేలు చూపుతుంది, దెబ్బ మాత్రం దగ్గరలో ఉన్న నిస్సహాయుడి మీద పడుతుంది. ఇది మావయ్యకు నాకన్నా బాగా తెలుసు. 1990లో, పులులకు బద్ధశత్రువులైన మరో శ్రీలంక తమిళ బృందం ఈపీఆర్ఎల్ఎఫ్ వాళ్ళు, వారి కుటుంబాలు ప్రాణాలు అరచేత పట్టుకుని ఓడల్లో మన తీరానికి వచ్చినప్పుడు, వారిని ఒడిశాలోని మల్కాన్‌గిరి ప్రాంతంలో ఉంచారు. అది అప్పటికి ఉమ్మడి కోరాపుట్ జిల్లాలో భాగం. అదే ఏడు జూన్‌లో వారి నాయకుడు పద్మనాభను మద్రాసులో పులులు కాల్చి చంపారు, ఆ పనిలో శివరాసన్ ఉన్నాడు. అంటే రాజీవ్‌ను చంపిన చేతులే ఏడాది ముందు ఆ శరణార్థుల నాయకుడినీ చంపాయి. ఆ రోజుల్లో మావయ్య ఉద్యోగరీత్యా మల్కాన్‌గిరిలో ఉండేవారు. సెలవు మీద వచ్చినప్పుడు ఆ శిబిరం గురించి మాకు చెప్పేవారు.

ఇదంతా రాసి, గ్రూపులో పెట్టే ముందు నిన్న సాయంత్రం ఆయనకు ఫోను చేసి చదివి వినిపించాను. మధ్యలో రెండు చోట్ల ఆపమన్నారు. ఒకటి హరిబాబు కెమెరా దగ్గర, ఫిల్ము నిజంగానే పాడవలేదా అని అడిగారు. రెండోది మల్కాన్‌గిరి దగ్గర. కాసేపు ఏమీ మాట్లాడలేదు. తరువాత, రాజీవ్ హత్య జరిగిన ఆ మే నెలాఖరున తాను తిరిగి డ్యూటీలో చేరినప్పటి సంగతి చెప్పారు. సంతలో ఒక తమిళ ఆడమనిషి కూరగాయలు కొనడానికి వస్తే, దుకాణదారు తక్కెడ కింద పెట్టేసి, మీవాళ్ళే కదా చంపింది అని ముఖం తిప్పుకున్నాడట. ఆవిడకు ఒడియా రాదు, తెలుగు రాదు. ఖాళీ సంచీతో అలాగే నిలబడిందట. "నేను పక్కనే ఉన్నానమ్మాయ్," అన్నారు మావయ్య. "ఆవిడ మొగుణ్ణి చంపింది కూడా వాళ్ళేనని నాకు తెలుసు. శిబిరం రిజిస్టరులో రాసింది నేనే. అయినా నోరు పెగల్లేదు."